అవ్వ పేరు వెనకాల దాక్కున్న తాత

రాయలసీమలో దేవుళ్ళు నోరు తెరిచి నాలుగు మాటలు మాట్లాడుతున్నారంటే అది మా తాత నల్లప్ప పెట్టిన భిక్ష. ఆయనే ధర్మవరంలో పుట్టకపోయుంటే, తాడిమర్రి నుంచి పెనుకొండ దాకా ప్రతి తిరునాళ్ళలోనూ దేవుడి వేషం కట్టినవాడు కిరీటం సర్దుకుంటూ, గుటకలు మింగుతూ తెల్లవార్లూ నిలబడాల్సి వచ్చేది. ఈ మాట నేను ఎక్కడైనా చెప్తాను. కాదన్నవాళ్ళతో పోట్లాడతాను కూడా.

ఆ తాతే ఇంకో రకం రచన కూడా చేశాడు. మగవాడు మగవాడిని ప్రేమించే కథలు. అవి నాటకాల కంటే బాగుంటాయని నా అభిప్రాయం. కానీ వాటి గురించి గొప్పలు చెప్పబోతే ఆయనే నా నోరు మూయిస్తాడు. ఎందుకంటే ఆ కథల మీద ఆయన పేరు లేదు. మా అవ్వ ప్రమీలమ్మ పేరు ఉంది. మా అవ్వకు చదవడం రాదు, రాయడం రాదు. బ్యాంకులో వేలిముద్రే వేసేది.

ఇప్పుడు ఆ కథలు హైదరాబాదు నుంచి పుస్తకంగా వస్తున్నాయి. అచ్చు వేస్తున్న యమున గారు చివరి పేజీల్లో రచయిత గురించి ఎవరైనా దగ్గరివాళ్ళు రాస్తే బాగుంటుందన్నారు. తాతకు చూపు ఆనదు కాబట్టి ఆ కథలన్నీ ఫోన్లో టైపు చేసి ఆమెకు పంపింది మనవరాలినైన నేను. ఇంటర్‌లో లెక్కలు తప్పి చదువు ఆపేసినా టైపు చేసే చెయ్యి బాగానే ఆడుతుంది. ఆ హక్కుతో ఇది రాస్తున్నాను.

తాత మగ్గం ఇంట్లో పుట్టాడు. ఎనిమిదో తరగతి దాకా చదివి మగ్గం గుంతలోకి దిగాడు. పట్టుచీర నేస్తూ పద్యాలు పాడుకునేవాడట. పాడుకుంటే ఫరవాలేదు, తప్పున్నచోట సొంత మాటలు పెట్టుకునేవాడు. పెనుకొండ నాటక సమాజం వాళ్ళు ఒకసారి చీరల కోసం వచ్చి, ఆ పాట విని, చీరతోపాటు ఆయన్ని కూడా తీసుకుపోయారు. అప్పటినుంచి వాళ్ళకు కొత్త నాటకాలు రాశాడు. పద్యాలు, పాటలు, మాటలు, అన్నీ.

ఆయన రాసే పద్ధతి వేరు. కాగితం పట్టుకునే ముందు నటుడి ఎదుట కూర్చుని అన్నం తినేవాడు. ఎక్కడ ఊపిరి ఆగుతుంది, ఏ మాటకు నాలుక తడబడుతుంది అని గమనించేవాడు. తాడిమర్రిలో గొర్రెలు కాసే ఒకాయన రాజు వేషం కట్టేవాడు. ఆయనకు ముందరి పళ్ళు లేవు. తాత ఆయన కోసం పళ్ళతో పని లేని మాటలు ఏరి ఏరి పద్యం కట్టాడు. ఆ పద్యానికి జనం వన్స్ మోర్ అంటే రాజు మళ్ళీ పాడాడు, మళ్ళీ వన్స్ మోర్ అన్నారు. మూడోసారికి తాత తెర వెనకనుంచి వచ్చి, "రాజుకు ఆయాసం, వదిలేయండప్పా" అని దండం పెట్టాడు.

అందరికీ అట్లా కొలిచి రాసినవాడు ఒక్క ధనుంజయకు మాత్రం కొలవకుండా రాశాడు. ధనుంజయ హిందూపురం మనిషి. రాణి వేషాలు కట్టేవాడు. పాట ఎంత పొడుగు రాసినా ఆయన ఊపిరి ఇంకా మిగిలేదట. సమాజంలో పాట కాస్త పొడుగైతే చాలు, "ఇది రాణిదేలే" అని నవ్వుకునేవాళ్ళు. పదేళ్ళకు పైగా ఇద్దరూ ఒకే వ్యానులో ఊళ్ళు తిరిగారు. ఆ తర్వాత ఒకరోజు ధనుంజయ, "హిందూపురం వచ్చేయ్, మా నాటకాల డ్రస్సుల అంగడి మీద గది ఖాళీగా ఉండాది" అన్నాడు. అప్పటికి తాతకు పెళ్ళయింది, మా నాయన మోహన్ పుట్టాడు. తాత పోలేదు. పోనని కూడా చెప్పలేదు. హిందూపురంలో నాటకం ఉన్న రోజుల్లో జ్వరం తెచ్చుకోవడం మొదలుపెట్టాడు.

ఆ జ్వరాల్లో పుట్టినవే ఈ కథలు. ఇద్దరి మధ్యా ఏముందో తాత నాకు ఎప్పుడూ చెప్పలేదు. టైపు చేస్తూ నేనే తెలుసుకున్నాను.

మొదటి కథను వారపత్రికకు పంపేటప్పుడు అవ్వ పేరు పెట్టాడు. ఎందుకు పెట్టావని అడిగాను. "ఆడవాళ్ళు రాస్తే ఊహించి రాసినారు అంటారు. మగోడు రాస్తే వాని బతుకే అది అంటారు" అన్నాడు. ఆ మాట చెప్పేటప్పుడు నా మొహం చూడలేదు, ఫ్యాను రెక్కల వైపు చూశాడు.

కథ అచ్చయితే పత్రిక కాపీ పోస్టులో వచ్చేది. పోస్టుమ్యాన్ వీధి మొదట్లోనే, "ప్రమీలమ్మకు పుస్తకం" అని కేకేసేవాడు. అవ్వ చీర కుచ్చెళ్ళకు చెయ్యి తుడుచుకుని వచ్చి తీసుకునేది. లోపల ఏముందని అడిగితే తాత, "సంసారం కతలే" అనేవాడు. ఆ మాత్రం చాలు అవ్వకు. వీధి ఆడవాళ్ళు కథ చదవమంటే, "కండ్లు మంట పుడతాండాయి" అని తప్పించుకునేది. తనకు కూడా అదొక గౌరవంగానే ఉండేదనుకుంటాను. పత్రికలన్నీ బియ్యం డబ్బా మీద వరసగా పేర్చి, పైన గుడ్డ కప్పింది.

నేను ఒకటో తరగతిలో ఉన్నప్పుడు కదిరి లాడ్జి కథ అచ్చయింది. నాటకాల వాళ్ళిద్దరు వాన పడుతుంటే ఒక లాడ్జి గదిలో ఉండిపోవడం, తెల్లవారి ఎవరి ఊరికి వాళ్ళు పోవడం. అంతే కథ. కానీ ఆ రాత్రిని తాత దాచకుండా రాశాడు. ఎవరో దాన్ని మా వీధి అరుగు మీద పైకి చదివారు.

ఆ వారంలోనే పక్కింటి గంగక్క మనవడిని తొట్లో, అంటే ఉయ్యాల్లో, వేసే పండగ. అవ్వా నేనూ పోయాం. ఆడవాళ్ళు వరసగా కూర్చున్నారు. గంగక్క పసుపు కుంకుమ పళ్ళెం పట్టుకుని ఒక్కొక్కరికీ బొట్టు పెట్టి, తాంబూలం ఇస్తూ వచ్చింది. అవ్వ ముందే కొంగు పట్టుకుని కూర్చుంది. గంగక్క అవ్వను దాటి పక్కామెకు పెట్టింది. అవ్వ పట్టుకున్న కొంగుతో నా మూతి తుడిచింది. నా మూతికి ఏమీ అంటలేదు. తాత మగవాళ్ళతో వాకిట్లో నిలబడి ఉన్నాడు. చూశాడు. చూసి, నోట్లో ఉన్న వక్కాకు నములుతూ అట్లాగే నిలబడ్డాడు.

ఇంటికి వచ్చాక అవ్వ కోపం చేయలేదు. పొయ్యి ముందు కూర్చుని అడిగింది.

"ఆ కతలో ఏముండాది?"

"ఏమీ ల్యా" అన్నాడు తాత.

"ఏమీ లేకుంటే నన్నెందుకు దాటిపోతారు?"

తాత లేచి కుండలో నీళ్ళు ముంచుకున్నాడు.

"సరేలే. ఇంగమీదట రాసినప్పుడు నాకు చదివి వినిపీ. ఎవరన్నా అడిగితే చెప్పుకునేదానికి నాకు తెలిసుండల్ల గదా."

తాత ఆ తర్వాత కూడా రాశాడు. అవ్వ పేరుతోనే రాశాడు. ఒక్క కథ కూడా చదివి వినిపించలేదు. మూడేళ్ళ కింద అవ్వ చనిపోయింది. తాత గురించి నేను ఎంత ఆట పట్టించినా నవ్వుతాడు గానీ, ఈ మాట దగ్గరికి వస్తే చొక్కా జేబులో ఏదో పోయినట్టు తడుముకుంటాడు. ఆ జేబులో ఎప్పుడూ ఏమీ ఉండదు.

నేను పంపిన కథలు అందాక యమున గారు ఫోన్ చేసి ప్రమీలమ్మగారు కావాలన్నారు. తాత చాలాసేపు నీళ్ళు నమిలి ఉన్నమాట చెప్పాడు. ఆమె ఆశ్చర్యపోయి, ఆ తర్వాత సంతోషించి, "అయితే అట్ట మీద మీ పేరే వేద్దామా?" అని అడిగారు. తాత వారం గడువు అడిగాడు. ఆ వారమే ఈ కథంతా.

మొదట, పుస్తకం సంగతి విని, పెనుకొండ నుంచి నారాయణప్ప తాత వచ్చాడు. ఆయన ఆ సమాజానికి హార్మోనిస్టు. ఇప్పుడు పెద్ద కూడా ఆయనే. టీ తాగి గ్లాసు కింద పెట్టాడు.

"ఏమప్పా నల్లప్పా, ఆ ప్రమీల కతలు నువ్వే రాసినావు గదా."

తాత నా వైపు చూశాడు. నేను చెప్పలేదని చెయ్యి ఊపాను.

"పాప చెప్పలేదులే. నాకు ఎప్పుడో తెల్సు. ఆ లాడ్జి కత చదివినా. ఒగడు ఎడమ పక్కనుంచి వస్తాడు. ఇంగొగడు ఎడమ పక్కనుంచే వస్తాడు. కాఫీ తెచ్చేటోడూ ఎడమ పక్కే. కుడి పక్క మంచి కిటికీ ఉండాది, దాని తావకు ఒగడన్నా పోడు. ఎందుకు పోడు? ఆడ నేను హార్మోనియం పెట్టె పెట్టుకోని కూర్చోనుండా కాబట్టి."

నాకు నవ్వు ఆగలేదు. పెనుకొండ వాళ్ళ స్టేజీకి కుడి పక్క హార్మోనియం, తబలా అడ్డంగా ఉంటాయి. ఎవరు రావాలన్నా ఎడమనుంచే రావాలి. తాత జీవితమంతా అట్లా రాసి రాసి, కథల్లో కూడా మనుషుల్ని ఎడమనుంచే తోలాడు. ఒక కథలో బస్సు ఎడమనుంచి వస్తుంది. ఇంకో కథలో వాన కూడా అటునుంచే మొదలవుతుంది. టైపు చేసినదాన్ని, నాకే కనపడలేదు.

నారాయణప్ప తాత నవ్వలేదు.

"ఈ తిరునాళ్ళకు నీకు సన్మానం అనుకున్యాము. శాలువా, బిరుదు, అన్నీ. ఊరంతా వస్తారు. పుస్తకం మీద ఆయమ్మ పేరే ఉండనీ. పోయిన మనిషిని ఎవరేమంటారు?"

"ఉన్నప్పుడే అన్యారు గదప్పా" అన్నాడు తాత.

"అందుకే చెప్తాండా. అనేది అయిపోయింది. కొత్తగా నువ్వెందుకు అనిపించుకోవల్ల?"

మా నాయన ఆటో తుడుస్తూ అంతా వింటున్నాడు. "పాప పెండ్లి అయినాక నీ ఇష్టమొచ్చిన పేరు పెట్టుకో నాయనా" అన్నాడు. నాకు పెళ్ళి తొందర లేదని నేనంటే, నీతో కాదు నేను మాట్లాడేది అన్నాడు.

తాత యమున గారికి ఫోన్ చేసి ప్రమీల పేరే వేయమన్నాడు. ఆమె సరేనన్నారు. "వెనక అట్ట మీదకు ప్రమీలమ్మగారి ఫోటో ఒకటి పంపండి" అన్నారు.

తాత గోడ మీది అవ్వ ఫోటో దించాడు. దండ తీశాడు. అద్దం తుడిచాడు. నేను ఫోన్‌తో ఫోటో తీయబోతే ఫోటోను ఒళ్ళో బోర్లించుకున్నాడు. "హిందూపురం పోదాం పా" అన్నాడు. ధర్మవరంలో రైలు ఎక్కి, పెనుకొండ దాటి హిందూపురంలో దిగేదాకా ఎందుకు పోతున్నామో చెప్పలేదు.

ధనుంజయ తాత అంగడిలో ఒక సవరానికి నూనె రాసి దువ్వుతున్నాడు. నాటకాలు తగ్గాయి, ఇప్పుడు స్కూలు వార్షికోత్సవాలకే బాడుగ డ్రస్సులు. పెళ్ళి చేసుకోలేదు. డెబ్బై దాటినా కనుబొమ్మలు తీర్చినట్టే ఉన్నాయి.

"ఎవరూ, కవిగారా? ఈ పొద్దు జరం రాలేదా?" అన్నాడు. నాతో, "కూర్చో పాపా. ఆ కిరీటం పక్కకు జరుపు, ఏం కాదు, అట్టదే" అన్నాడు.

తాత నిలబడే చెప్పాడు. "పుస్తకం వేస్తాండారు ధనుంజయా. దాంట్లో నీ కత ఉండాది. అడిగిపోదామని వచ్చినా."

"ఏది నా కత? లారీ కింద పడేదా, బాయిలో దూకేదా, టీబీ వచ్చేదా? అన్నిట్లో చంపినావు నన్ను. ఒకదాంట్లో అన్నా పింఛను తీసుకోనిచ్చింటే బాగుండు."

నేను నవ్వాను. తాత కూడా నవ్వబోయాడు.

"పేరు ఎవరిది వేస్తాండారు?"

"ప్రమీలదే."

ధనుంజయ తాత సవరం దువ్వడం ఆపలేదు. గొంతు మాత్రం తగ్గింది.

"నేను మేలు నల్లప్పా. ఆడవేషం కట్టినా, రంగు పూసుకున్యా, అంతా చేసి నా మొగంతో నేను జనం ముందర నిలబడినా. ఈలలేసినారు, ఎగతాళి చేసినారు, నన్నే చేసినారు. నువ్వు వేషం కూడా కట్టకుండా ఆడమనిషి పేరు తగిలించుకోని, ఆయమ్మను ముందరికి తోస్తివి. పోనీ ఆ కతలు ఆయమ్మకు చదివి వినిపించినావా?"

"లేదు."

"అడిగిందా?"

"అడిగింది."

"పో ఇంగ. నా కత వేసుకో. చచ్చినోన్ని, నాకేం నొప్పి?"

రైల్లో తాత కిటికీ పక్కన కూర్చున్నాడు. ఆట పట్టించడానికి నాకు చాలా మాటలు దొరికాయి, ఒక్కటీ అనలేదు. ధర్మవరంలో దిగి ఆటో ఎక్కాక, "గంగక్క ఇంటి కాడ దిగుదాము" అన్నాడు.

గంగక్క రాట్నం ముందు కూర్చుని కండెలు చుడుతోంది. తాత గడప దాటి లోపలికి పోలేదు.

"గంగక్కా, నీ మనవన్ని తొట్లో వేసిన పొద్దు ప్రమీలను దాటిపోతివి."

"ఊ."

"ఆ కత రాసింది నేను. అన్నీ నేనే రాసినా. ఆయమ్మకు ఏమీ తెలీదు."

"తెల్సులేప్పా" అంది గంగక్క. రాట్నం తిరుగుతూనే ఉంది. "ప్రమీలకు కరెంటు బిల్లు చదివేకి రాదు. నా తావకే తెచ్చి మా పాపతో చదివించుకునేది. ఆయమ్మ కత రాసిందంటే ఈదిలో నమ్మేటోళ్ళెవరు?"

నేనే అడిగాను. "మరి ఎందుకు దాటినావవ్వా?"

"మీ తాత వాకిట్లో నిలబడినాడు గదమ్మా. పెండ్లాన్ని దాటితే రోషం వచ్చి నోరు తెరుస్తాడు, రాసింది నేను, ఆయమ్మను అనేది లేదు అంటాడనుకుంటిమి. మేము ఆడోళ్ళమంతా అనుకునే చేసినాము. ఈ యప్ప వక్కాకు నముల్తా నిలబడె." రాట్నం ఆపింది. "నాకే మనసు ఆగక ఆ సాయంత్రం పళ్ళెం తీసుకోని మీ ఇంటికి వచ్చినా. ప్రమీల బొట్టు పెట్టించుకునింది, తాంబూలం తీసుకునింది. నువ్వొచ్చి ఇచ్చినట్టు మా ఆయప్పకు చెప్పొద్దక్కా, కొన్నాళ్ళు సిగ్గుపడనీ అనింది. ఎన్నాళ్ళని అడిగితే, ఆయప్పే నా తావకు వచ్చి తప్పయిందని చెప్పేదాకా అనింది."

తాత గడప మీద కూర్చున్నాడు.

"ఇంత కాలం పడుతుందని ఆయమ్మ అనుకోలేదులే" అంది గంగక్క, రాట్నం మళ్ళీ తిప్పుతూ. "నేనూ అనుకోలేదు."

ఆయన ఏడ్చాడా అంటే చెప్పలేను. తల వంచుకుని ఉన్నాడు. గంగక్క కోడలు మంచినీళ్ళు తెచ్చి పెడితే తాగకుండా చెంబును చేతుల మధ్య పట్టుకుని కూర్చున్నాడు. అవ్వ తాంబూలం తీసుకుందన్న మాటకు సంతోషించాలో, చివరిదాకా తనకోసం ఎదురుచూసిందన్న మాటకు చచ్చిపోవాలో ఆయనకు తెలియలేదు. అవ్వకు ఇంత కొంటెతనం ఉందని నాకూ తెలియదు. నాకు తాత పోలిక వచ్చిందని అందరూ అంటుంటే ఇన్నాళ్ళూ నమ్మాను.

ఇంటికి వచ్చి యమున గారికి ఫోన్ కలపమన్నాడు. "నా పేరు వేయండమ్మా. ఫోటో నాది వేయండి. ఈ వయసులో బాగుండదు, అయినా వేయండి" అన్నాడు. అవ్వ ఫోటోకు దండ వేసి గోడకు తగిలించాడు.

పెనుకొండ సన్మానం వాయిదా పడింది. ఎప్పటికని నారాయణప్ప తాత చెప్పలేదు, తాత అడగలేదు. మా నాయన ఇంట్లో ఉన్నా తాతతో నా ద్వారా మాట్లాడుతున్నాడు. "మీ తాతను అన్నానికి రమ్మను" అంటాడు, తాత ఎదురుగానే ఉంటాడు. పేరు సంగతి తెలిసి ధనుంజయ తాతే రమ్మన్నాడు, పుస్తకం వచ్చాక హిందూపురంలో ఆయన అంగడి మీది గదిలో తెలిసిన నలుగురం కూర్చుంటాం. ఆ గది మెట్లు తాత ఎక్కగలడా అని నాకు అనుమానం. ఎక్కుతానంటున్నాడు. ఇప్పటికీ ఎవరైనా ఇంటికి వచ్చి పుస్తకం సంగతి ఎత్తితే ఆయన చెవులు ఎర్రబడతాయి. కథలకు కాదు ఆ సిగ్గు. కథల గురించి అడిగితే ఏ మాట ఎందుకు వేశాడో విడమరిచి చెప్తాడు. అవ్వ గురించి అడిగితేనే జేబు తడుముకుంటాడు.

ఇదంతా రాసి తాతకు చదివి వినిపించాను. కళ్ళు మూసుకుని మధ్యలో ఆపకుండా విన్నాడు. దేవుళ్ళకు మాటలిచ్చాడన్నప్పుడు కూడా మొహంలో ఏమీ కదల్లేదు. ఎట్లుంది తాతా, ఏమన్నా మార్చాలా అని అడిగాను.

"శానా పొడుగుండాది. నోరు తెరవాల్సిన పొద్దు తెరవలేదని ఒక్క మాట రాసి, కింద నా పేరు పెట్టింటే సరిపోయేది" అన్నాడు.